సూర్యుడి మచ్చలా, సూర్యుడిలోని మూలకాలా? స్పెక్ట్రోస్కోపీలో ఏ దారి ఎంచుకోవాలి

సూర్యకాంతిని రంగులుగా విడదీసి చదవాలనుకునేవాళ్లు మొదట అడిగేది "ఏ పరికరం తీసుకోవాలి?" అని. దానికంటే ముందు తేల్చుకోవాల్సింది ఇంకొకటి ఉంది. సూర్యుడిలో ఏయే మూలకాలు ఉన్నాయో చూడాలనుకుంటున్నారా, లేక మచ్చల్లో ఏం జరుగుతోందో తెలుసుకోవాలనుకుంటున్నారా? రెండూ స్పెక్ట్రోస్కోపీ కిందికే వస్తాయి. కానీ పరికరం నుంచి ఇవి కోరేవి దాదాపు తలకిందులుగా ఉంటాయి.

మూలకాల కోసమైతే ఊదా నుంచి ఎరుపు దాకా వెడల్పాటి వర్ణపటం కావాలి. ఆ వెలుగు సూర్యబింబంలో ఏ మూల నుంచి వచ్చిందన్న పట్టింపు పెద్దగా ఉండదు. మచ్చల కోసమైతే వర్ణపటంలో ఒక్కో మూలకం తనకు చెందిన రంగును మింగేసిన చోట కనిపించే నల్ల గీతల్లో ఒకటి రెండు చాలు. కానీ వాటిని చాలా సన్నంగా విడదీయాలి, అదీ బింబం మీద ఫలానా చోటు నుంచి వచ్చిన వెలుగులోనే. మొదటి పనికి టెలిస్కోప్ అక్కర్లేదు, రెండో పనికి అది లేకుండా కుదరదు. ఈ తేడా గమనించకుండా కొన్న పరికరం ఎంత మంచిదైనా మీరు అడిగిన ప్రశ్నకు జవాబు ఇవ్వదు.

రెండూ ఆసక్తిగానే ఉన్నాయంటే మూలకాలతో మొదలుపెట్టమంటాను. వర్ణపటంలోని గీతలు కంటికి అలవాటైన తర్వాత మచ్చ దగ్గర అవి ఎలా మారాయో పట్టుకోవడం చాలా తేలిక.

చేతిలో పట్టే స్పెక్ట్రోస్కోప్

ఒక సన్నని చీలిక, దగ్గరదగ్గరగా గీసిన సన్నని గీతలతో కాంతిని విడదీసే గ్రేటింగ్, బయటి వెలుగు లోపలికి రాకుండా ఒక పెట్టె. ఇంతే పరికరం. గ్రేటింగ్ స్థానంలో డీవీడీ ముక్క వాడాలా, గ్రేటింగ్ ఫిల్మ్ కొనాలా అన్నది మొదటి ఎంపిక. డీవీడీలో ట్రాకుల మధ్య దూరం 0.74 మైక్రోమీటర్లు, అంటే మిల్లీమీటరుకు సుమారు 1,350 గీతలు. సీడీలో ఆ దూరం 1.6 మైక్రోమీటర్లు. కాబట్టి సీడీ కంటే డీవీడీ రంగులను బాగా ఎడంగా పరుస్తుంది. లోపం ఏమిటంటే దాని ట్రాకులు వంపు తిరిగి ఉంటాయి, అందుకే వర్ణపటంలో గీతలూ వంగి, అంచుల్లో మసకబారతాయి. మిల్లీమీటరుకు 1,000 గీతలున్న ఫిల్మ్ అయితే వర్ణపటంలోని గీతలు నిటారుగా నిలబడతాయి. పిల్లలకు ఒకసారి చూపించడానికి డీవీడీ చాలు. గీతల స్థానాలు కొలవాలనుకుంటే ఫిల్మే తీసుకోండి. మిల్లీమీటరుకు 500 గీతల ఫిల్మ్‌లో వెలుగు బాగా వస్తుంది కానీ దగ్గరదగ్గర గీతలు కలిసిపోతాయి.

నిజానికి గ్రేటింగ్ కంటే చీలికే ఎక్కువ తేడా తెస్తుంది. రెండు బ్లేడు అంచులను ఎదురెదురుగా, సమాంతరంగా, మిల్లీమీటరులో పదో వంతు సందుతో అతికిస్తే చాలు. సందు వెడల్పయితే రంగులు మెరిసిపోతాయి గానీ నల్ల గీతలు మాయమవుతాయి. కుదిరిందో లేదో తెలుసుకోవడానికి మంచి పరీక్ష సోడియం జంట. పసుపు రంగులో 589.0, 589.6 నానోమీటర్ల దగ్గర రెండు గీతలుంటాయి. అవి విడివిడిగా కనిపించాయంటే మీ పరికరం చాలా బాగా వచ్చినట్టు.

దీన్ని ఎప్పుడూ సూర్యుడి వైపు తిప్పి కన్ను పెట్టవద్దు. అవసరమూ లేదు. సూర్యుడికి దూరంగా ఉన్న ఆకాశం నుంచి గానీ, తెల్లటి మేఘం నుంచి గానీ వచ్చేది సూర్యకాంతే, ఆ గీతలన్నీ అందులోనే ఉంటాయి. మూలకాల దారిని ముందు చెప్పడానికి ఇదీ ఒక కారణం. కంటికి ప్రమాదం లేకుండా అసలైన సూర్య వర్ణపటాన్ని చూడొచ్చు.

ఏం కనిపిస్తాయి? ఎరుపులో 656.3 దగ్గర హైడ్రోజన్, పసుపులో సోడియం, పచ్చలో 517, 518 చుట్టూ మెగ్నీషియం గుంపు, నీలిలో 486.1 దగ్గర మళ్లీ హైడ్రోజన్, 430.8 దగ్గర ఇనుము గీతలూ సీహెచ్ (కార్బన్, హైడ్రోజన్ కలిసిన) అణువు గీతలూ కలిసిన పట్టీ. ఊదా చివర 396.8, 393.4 దగ్గర కాల్షియం గీతలు రెండూ చాలా బలమైనవే అయినా కంటికి అతి కష్టం మీద అందుతాయి. విలియం వొలస్టన్ 1802లో ఈ నల్ల గీతలను మొదట గమనించాడు. జోసెఫ్ ఫ్రాన్‌హోఫర్ 1814 నుంచి వాటిని వందల సంఖ్యలో కొలిచి, ముఖ్యమైన వాటికి అక్షరాల పేర్లు పెట్టాడు. అవి మూలకాల గుర్తులని 1859లో గుస్తావ్ కిర్కాఫ్, రాబర్ట్ బున్సెన్ తేల్చారు.

కొలతలకు స్కేలు కావాలంటే పాత రకం ఫ్లోరసెంట్ దీపం వెలుగును అదే పరికరంతో ఫొటో తీయండి. అందులోని పాదరసం గీతలు 435.8, 546.1 నానోమీటర్ల దగ్గర కచ్చితంగా ఉంటాయి. ఆ రెండు స్థానాలు తెలిస్తే మిగతా గీతల తరంగదైర్ఘ్యాలు లెక్క కట్టొచ్చు.

ఒక జాగ్రత్త. ఎరుపులో 686.7, 759 నానోమీటర్ల దగ్గర కనిపించే బలమైన పట్టీలు సూర్యుడివి కావు. అవి మన గాలిలోని ఆక్సిజన్ వేసిన గీతలు. సూర్యుడు దిగంతానికి దగ్గరగా ఉన్నప్పుడు వెలుగు ఎక్కువ గాలిని దాటి రావాలి కాబట్టి అవి ఇంకా ముదురుతాయి. మధ్యాహ్నం ఒక ఫొటో, సాయంత్రం ఒక ఫొటో తీసి పక్కపక్కన పెడితే ఏ గీత ఎవరిదో తెలిసిపోతుంది.

గీత ఉందనడం వేరు, మూలకం ఎంతుందో చెప్పడం వేరు

మూలకాల దారి ఎంచుకున్నవాళ్లకు ఇక్కడే అసలు మెలిక ఎదురవుతుంది. కాల్షియం గీతలు అంత బలంగా ఉన్నాయి కదా, సూర్యుడిలో కాల్షియం బాగా ఉండి ఉంటుందని అనిపిస్తుంది. నిజానికి ప్రతి పది లక్షల హైడ్రోజన్ పరమాణువులకు కాల్షియం పరమాణువులు రెండు మాత్రమే. మరి హైడ్రోజన్ గీత ఎందుకు ఇంకా బలంగా లేదు? 656.3 గీత రావాలంటే హైడ్రోజన్ పరమాణువు ముందే రెండో శక్తి స్థాయిలో ఉండాలి. సూర్యుడి ఉపరితల ఉష్ణోగ్రత 5,772 కెల్విన్ దగ్గర అలా ఉండేది సుమారు ఇరవై కోట్ల పరమాణువుల్లో ఒక్కటే. కాల్షియం మాత్రం ఆ వేడికి ఒక ఎలక్ట్రాన్ పోగొట్టుకుని, దాదాపు మొత్తంగా ఆ గీతలు వేయడానికి సిద్ధంగా ఉంటుంది.

ఏ వేడిలో ఏ మూలకం ఎంత మేరకు అయనీకరణ చెందుతుందో, అంటే ఎలక్ట్రాన్లు పోగొట్టుకుని అయాన్‌గా మారుతుందో లెక్కగట్టే సూత్రాన్ని 1920లో మేఘనాద్ సాహా ఇచ్చాడు. దాన్ని వాడి 1925లో సిసీలియా పేన్ నక్షత్రాల్లో హైడ్రోజన్, హీలియం మిగతావాటి కంటే ఎన్నో రెట్లు ఎక్కువని లెక్క తేల్చింది. ఆనాటి పెద్దలు నమ్మలేదు. ఆ ఫలితం బహుశా నిజం కాదని ఆమె తన థీసిస్‌లోనే రాయాల్సి వచ్చింది. మొదట అభ్యంతరం చెప్పిన హెన్రీ నోరిస్ రస్సెలే 1929లో మరో దారిన అదే చోటికి చేరాడు. ఈ రోజు మనకు తెలిసిన లెక్క ప్రకారం సూర్యుడి పైపొరల ద్రవ్యరాశిలో దాదాపు ముప్పాతిక వంతు హైడ్రోజన్, దాదాపు పాతిక వంతు హీలియం. ఆక్సిజన్, కార్బన్, ఇనుము, నియాన్ లాంటివన్నీ కలిపినా రెండు శాతానికి లోపే.

హీలియంది ఇంకో చిక్కు. సూర్యుడిలో రెండో స్థానం దానిదే, అయినా పగటి వెలుగు వర్ణపటంలో దాని గీత మీకు దొరకదు. దాని పరమాణువులను గీత వేయగలిగే పై శక్తి స్థాయికి లేపడానికి ఉపరితలపు వేడి సరిపోదు. అది సూర్యుడి అంచున, ఎగసిన వాయువులో 587.6 నానోమీటర్ల దగ్గర వెలుగు గీతగా కనిపిస్తుంది. 1868 ఆగస్టు 18న సంపూర్ణ సూర్యగ్రహణం పట్టినప్పుడు గుంటూరు నుంచి జూల్స్ జాన్సెన్, మచిలీపట్నం నుంచి నార్మన్ పాగ్సన్ అంచున ఎగసిన జ్వాలల వర్ణపటాన్ని చూశారు. ఆ పసుపు గీత సోడియంది కాదని, భూమ్మీద ఎవరూ చూడని మూలకానిదని చెప్పినవాడు నార్మన్ లాకయర్. విలియం రామ్సే 1895లో దాన్ని భూమ్మీద ఖనిజం నుంచి పట్టాడు. కాబట్టి మీ లక్ష్యం హీలియమే అయితే చేతి స్పెక్ట్రోస్కోప్ పనికిరాదు. టెలిస్కోప్‌కు బిగించిన చీలిక పరికరమే కావాలి, అదీ బింబం అంచున నిలపాలి.

మూలకాల శాతాలు సొంతంగా కొలవాలనే పట్టుదల ఉన్నవాళ్లకు నా సలహా ఒకటే. పరికరం మీద ఖర్చు పెంచుకునే బదులు, పెద్ద అబ్జర్వేటరీలు ఉచితంగా ఇచ్చిన సూర్య వర్ణపట అట్లాసులు తీసుకుని, గీతల బలాన్ని లెక్కగట్టడం నేర్చుకోండి. ఈ పనిలో కష్టమంతా విశ్లేషణలోనే ఉంది. ఆక్సిజన్ సంగతే చూడండి. 1989 నాటి ప్రామాణిక పట్టికతో పోలిస్తే 2009 పట్టికలో సూర్యుడి ఆక్సిజన్ సుమారు 40 శాతం తగ్గింది. సూర్యుడు మారలేదు. వాతావరణాన్ని మూడు కొలతల్లో లెక్కించే మెరుగైన నమూనాలు వచ్చాయి, 630.0 నానోమీటర్ల ఆక్సిజన్ గీతలో నికెల్ గీత ఒకటి కలిసి ఉందని లెక్కలోకి తీసుకున్నారు. సూర్యుడి లోపలి ప్రకంపనలను చదివేవాళ్ల లెక్కకూ దీనికీ ఇంకా పూర్తిగా పొసగలేదు.

మచ్చల కోసమైతే

ఇక్కడ నాలుగు దారులున్నాయి. మొదటిది తెల్లకాంతి ఫిల్టర్. టెలిస్కోప్ ముందు భాగానికి తొడిగే ఈ ఫిల్టర్ వెలుగులో లక్షో వంతు మాత్రమే లోపలికి పంపుతుంది. మచ్చలు లెక్కపెట్టడానికి, రోజూ బొమ్మ గీసుకోవడానికి ఇంతకంటే మంచిది లేదు. గుంపుల సంఖ్యను పదితో గుణించి విడి మచ్చల సంఖ్య కలిపే వుల్ఫ్ పద్ధతి పంతొమ్మిదో శతాబ్దం నుంచి నడుస్తోంది. కానీ ఇందులో స్పెక్ట్రోస్కోపీ లేదు. కంటి దగ్గర ఐపీస్‌కు బిగించే చిన్న సన్ ఫిల్టర్లు మాత్రం అసలు వాడవద్దు. వేడికి పగిలితే కన్ను పోతుంది.

రెండోది హైడ్రోజన్ ఆల్ఫా ఫిల్టర్. 656.3 గీత చుట్టూ 0.07 నానోమీటర్లు, లేదా అంతకంటే సన్నని పట్టీని మాత్రమే వదులుతుంది. ఫిలమెంట్లు (బింబం మీద నల్లటి పోగుల్లా కనిపించే వాయువు), అంచున ఎగసే జ్వాలలు, మచ్చల గుంపు చుట్టూ మెలికలు తిరిగిన వాయువు చాలా అందంగా కనిపిస్తాయి. ఇక్కడ ఒక విషయం స్పష్టంగా తెలుసుకుని కొనండి. ఇది చూపేది మచ్చ ఉండే ఫోటోస్ఫియర్‌ను (కంటికి కనిపించే ఉపరితలాన్ని) కాదు, దానిపైన ఉండే క్రోమోస్ఫియర్ అనే పొరను. మచ్చ అంచులు తెల్లకాంతిలో ఉన్నంత స్పష్టంగా ఉండవు. పైగా ఒకే గీత దగ్గర తీసిన బొమ్మ కాబట్టి మూలకాల గురించి ఇది కొత్తగా ఏమీ చెప్పదు. కంటితో నేరుగా, ఆ క్షణంలోనే సూర్యుడి కదలికలు చూడాలన్న కోరిక ఉంటే దీనికి సాటి వచ్చేది లేదు. కొలతలే ముఖ్యమైతే దీన్ని పక్కన పెట్టండి. 393.4 నానోమీటర్ల కాల్షియం ఫిల్టర్ కూడా ఇలాంటిదే. మచ్చల చుట్టూ అయస్కాంత ప్రాంతాలు ప్రకాశంగా కనిపిస్తాయి, కానీ ఆ ఊదా రంగు చాలామంది కళ్లకు సరిగా ఆనదు, కెమెరా తప్పనిసరి.

మూడోది టెలిస్కోప్ వెనక బిగించే చీలిక స్పెక్ట్రోగ్రాఫ్. మచ్చల స్పెక్ట్రోస్కోపీ అంటే అసలు ఇదే, అందుకే దీని గురించి కాస్త వివరంగా చెప్పాలి.

సూర్యబింబం చీలిక మీద పడుతుంది. చీలిక కోసిన సన్నని ముక్క మాత్రమే లోపలికి వెళ్లి వర్ణపటంగా పరుచుకుంటుంది. చీలిక మచ్చ మీదుగా వెళ్తే వర్ణపటంలో పొడవునా ఒక నల్లటి అడ్డ పట్టీ కనిపిస్తుంది. మచ్చ నడిబొడ్డు వేడి సుమారు 4,000 కెల్విన్, వెలుగు చుట్టుపక్కల ఉపరితలంతో పోలిస్తే ఐదో వంతుకు లోపే. ఆ పట్టీలో చూడాల్సినవి చాలా ఉన్నాయి. ఇనుము, టైటానియం లాంటి లోహాల తటస్థ పరమాణువుల గీతలు బలపడతాయి, అయాన్ల గీతలు బలహీనపడతాయి. ఎర్రటి భాగంలో 705 నానోమీటర్ల దగ్గర టైటానియం ఆక్సైడ్ పట్టీలు తేలుతాయి. సూర్యుడి మిగతా భాగంలో ఆ వేడికి అలాంటి అణువు నిలవదు. 1995లో పరారుణ వర్ణపటంలో మచ్చల్లో నీటి ఆవిరిని కూడా గుర్తించారు. సూర్యుడి మీద నీటి అణువులంటే నాకు ఇప్పటికీ ఒళ్లు పులకరిస్తుంది.

ఇంకా ముఖ్యమైనది అయస్కాంత క్షేత్రం. 1908లో జార్జ్ ఎలరీ హేల్ అమెరికాలోని మౌంట్ విల్సన్ అబ్జర్వేటరీ నుంచి మచ్చల్లో గీతలు చీలడం చూసి అక్కడ బలమైన అయస్కాంత క్షేత్రం ఉందని నిరూపించాడు. దీన్నే జీమన్ ప్రభావం అంటారు. మీ పరికరానికి అది అందుతుందా అన్నది లెక్కతో తేలుతుంది. 3,000 గాస్ (అయస్కాంత క్షేత్ర బలానికి ప్రమాణం) క్షేత్రంలో 630.25 నానోమీటర్ల ఇనుము గీత రెండు పక్కలకూ చీలి, ఆ కొసల మధ్య దూరం సుమారు 0.028 నానోమీటర్లు అవుతుంది. దాన్ని విడదీయాలంటే రిజల్యూషన్, అంటే తరంగదైర్ఘ్యాన్ని పరికరం విడదీయగల అతి చిన్న తేడాతో భాగిస్తే వచ్చే సంఖ్య, కనీసం 25,000 దాకా ఉండాలి. చేతి స్పెక్ట్రోస్కోప్ ఇందులో చాలా చిన్న వంతునే అందుకోగలదు. మిల్లీమీటరుకు 2,400 గీతల గ్రేటింగ్, పది మైక్రోమీటర్ల చీలిక ఉన్న పరికరానికి అందుతుంది. ఫ్రాన్స్‌కు చెందిన క్రిస్టియన్ బుయిల్ రూపొందించి అందరికీ తెరిచి ఇచ్చిన సోల్‌ఎక్స్ డిజైన్ ఈ రకానిదే. దాని పెట్టె భాగాలు త్రీడీ ప్రింటర్‌లో తీసుకోవచ్చు.

జీమన్ ప్రభావం చూడటానికి 630.25 గీతను ఎంచుకోమనడానికి ఇంకో కారణం కూడా ఉంది. దాని పక్కనే, రెండు వైపులా, మన గాలిలోని ఆక్సిజన్ గీతలు రెండు సన్నంగా నిలబడి ఉంటాయి. సూర్యుడి మచ్చ వాటిని ఏమీ చేయలేదు. ఇనుము గీత మచ్చ దగ్గర ఉబ్బి చీలినప్పుడు ఆక్సిజన్ గీతలు నిటారుగానే ఉంటే, మీరు చూసింది ఫోకస్ తప్పు కాదని అక్కడికక్కడే రుజువు దొరుకుతుంది. బింబం తూర్పు, పడమర అంచుల మధ్య సూర్యుడి భ్రమణాన్ని కొలవడానికీ అవే ఆధారం. ఒక అంచు సెకనుకు రెండు కిలోమీటర్ల వేగంతో మన వైపు వస్తుంది, రెండోది అంతే వేగంతో దూరం జరుగుతుంది. ఇనుము గీత రెండు చోట్లా కలిపి 0.008 నానోమీటర్లు పక్కకు జరిగినా ఆక్సిజన్ గీత కదలదు.

1909లో జాన్ ఎవర్‌షెడ్ కొడైకెనాల్ అబ్జర్వేటరీ నుంచి కనిపెట్టిన ప్రవాహం కూడా ఇలాంటి జరుగుడే. మచ్చ చుట్టూ ఉండే బూడిద రంగు అంచులో వాయువు బయటి వైపు పారుతుంది. అది అడ్డంగా పారుతుంది కాబట్టి మచ్చ బింబం నడిమి నుంచి దూరంగా ఉన్నప్పుడే తెలుస్తుంది. ఈ జరుగుడు జీమన్ ప్రభావంతో గీత చీలే దూరంలో ఆరో వంతు మాత్రమే. అందుకని ముందు జీమన్, చేయి తిరిగాక ఎవర్‌షెడ్.

ఇదే పరికరం హైడ్రోజన్ ఆల్ఫా ఫిల్టర్ చేసే పని కూడా చేస్తుంది. టెలిస్కోప్‌ను కదలకుండా ఉంచితే సూర్యబింబం చీలిక మీదుగా సుమారు రెండు నిమిషాల్లో దాటిపోతుంది. ఆ వీడియోలోని ముక్కలను సాఫ్ట్‌వేర్ పక్కపక్కన పేర్చి పూర్తి బింబం తయారు చేస్తుంది. రికార్డయిన రంగుల మేరలో ఏ తరంగదైర్ఘ్యం దగ్గరైనా బొమ్మ తీయొచ్చు: గీత నడిమిలో ఒకటి, గీత పక్కన ఒకటి, వేగాల పటం ఇంకొకటి. ఫిల్టర్ కొంటే ఒక గీతకే కట్టుబడాలి. ఇక్కడ గ్రేటింగ్ కాస్త తిప్పితే కాల్షియం దగ్గరికో, ఇనుము దగ్గరికో పోవచ్చు. కంప్యూటర్ ముందు ఓపికగా కూర్చోగలిగినవాళ్లకు ఫిల్టర్ కంటే ఇదే మేలని నా నిశ్చితాభిప్రాయం.

దీని పరిమితి కూడా చెప్పాలి. 400 మిల్లీమీటర్ల ఫోకల్ పొడవున్న టెలిస్కోప్‌లో సూర్యబింబం 3.7 మిల్లీమీటర్లు మాత్రమే. పది మైక్రోమీటర్ల చీలిక బింబం మీద ఐదు ఆర్క్‌సెకన్ల (ఆర్క్‌సెకను అంటే డిగ్రీలో 3,600వ వంతు) మేర కోస్తుంది. మచ్చ నల్లటి భాగం ఇరవై ఆర్క్‌సెకన్లు ఉంటే, అంటే భూమి కంటే కాస్త పెద్దదైతే, నాలుగు కోతలు పడతాయి. చిన్న మచ్చలో చుట్టుపక్కల వెలుగు కలిసిపోయి గీత చీలినట్టే కనిపించదు. పెద్ద మచ్చ వచ్చేదాకా ఆగండి, గాలి నిలకడగా ఉండే పొద్దుటి పూట ప్రయత్నించండి. ఫైండర్‌కు (గురి చూసుకోవడానికి టెలిస్కోప్‌కు బిగించే చిన్న దుర్భిణికి) మూత పెట్టడం, చీలిక మీద పడే వేడిని ఫిల్టర్‌తో తగ్గించడం మరవవద్దు.

పరికరం లేకుండా

నాలుగో దారి ఇతరులు తీసిన డేటా. దీన్ని రెండో తరగతి దారిగా చూడవద్దు. 2010లో ఎగిరిన సోలార్ డైనమిక్స్ అబ్జర్వేటరీ 617.3 నానోమీటర్ల ఇనుము గీతను ఆరు తరంగదైర్ఘ్యాల దగ్గర కొలిచి, వేగాల పటాలూ అయస్కాంత పటాలూ 45 సెకన్లకొకటి చొప్పున ఇస్తుంది. 2006 నాటి హినోడే ఉపగ్రహంలోని చీలిక పరికరం పైన చెప్పిన 630.25 గీతనే గాలి అడ్డం లేకుండా కొలిచింది. అంతరిక్షం నుంచి కాబట్టి అందులో మన ఆక్సిజన్ గీతలు ఉండవు. కొడైకెనాల్‌లో శతాబ్దానికి పైగా తీసిన సూర్యుడి ఫొటోలు డిజిటల్ రూపంలో ఉన్నాయి. మచ్చల చక్రాలను, సుమారు పదకొండేళ్లకోసారి వాటి హెచ్చుతగ్గులను చూడాలంటే ఎవరి సొంత పరికరమూ దీనికి సాటి రాదు. ఆదిత్య ఎల్1లోని సూట్ టెలిస్కోప్ 200 నుంచి 400 నానోమీటర్ల అతినీలలోహిత బొమ్మలు తీస్తుంది. అవి కూడా ఫిల్టర్ బొమ్మలే, పూర్తి వర్ణపటాలు కావు, డేటా దింపుకునే ముందు అది గుర్తుంచుకోండి.

ఎంపికలో కాలం కూడా చూసుకోవాలి. 2019 డిసెంబర్‌లో మొదలైన 25వ సౌరచక్రం 2024లో గరిష్ఠ దశకు చేరింది. ఇక్కడి నుంచి కనిష్ఠం దాకా పెద్ద మచ్చలు అరుదవుతూ పోతాయి. మచ్చల పరికరం కావాలనుకునేవాళ్లు ఆలస్యం చేయకపోవడం మంచిది. కుదరకపోతే, మచ్చలు లేని రోజుల్లోనూ పనికొచ్చే చీలిక స్పెక్ట్రోగ్రాఫే తీసుకోండి: అంచున హీలియం, భ్రమణ వేగం, కాల్షియం గీతలో బింబమంతా కనిపించే వలలాంటి అల్లిక ఎప్పుడూ ఉంటాయి. బడిలో పిల్లలకు నేర్పేవాళ్లకు చేతి స్పెక్ట్రోస్కోప్, తెల్లకాంతి ఫిల్టర్ ఉన్న చిన్న టెలిస్కోప్, ఈ రెండూ చాలు. ప్రోగ్రామింగ్ వచ్చి టెలిస్కోప్ పెట్టుకునే చోటు లేనివాళ్లు నేరుగా హినోడే డేటాతో మొదలుపెట్టి, ఒక పెద్ద మచ్చ మీదుగా 630.25 గీత ఎక్కడ చీలడం మొదలై ఎక్కడ మళ్లీ కలుస్తుందో గీసి చూడండి.